ముద్ద ఫ్రిజ్‌లో, వాసన తొక్కలో: నిమ్మ, నారింజ కుకీలు ఇంట్లో చేసే పద్ధతి

మొదటిసారి నిమ్మ కుకీలు చేసినప్పుడు నేను రెండు నిమ్మకాయల రసం మొత్తం పిండిలో పిండేశాను. నిమ్మ కుకీ అంటే నిమ్మరసమే కదా అనుకున్నా. ముద్ద జారుగా అయింది, దాన్ని సరిచేద్దామని ఇంకో గుప్పెడు మైదా వేశా, కొండనాలుకకు మందేస్తే ఉన్న నాలుక ఊడినట్టు అది రబ్బరులా సాగడం మొదలుపెట్టింది. చివరికి ఓవెన్‌లోంచి వచ్చినవి గట్టిగా, పాలిపోయి, తింటే ఎక్కడో దూరంగా పుల్లగా తగిలీ తగలనట్టుండే బిళ్లలు. ఇంట్లోవాళ్లు మర్యాదకి ఒక్కొక్కటి తిన్నారు. రెండోది ఎవరూ తీసుకోలేదు.

తర్వాత తెలిసిందేంటంటే, ఈ పండ్లలో వాసన ఒకచోట ఉంటుంది, పులుపు ఇంకోచోట ఉంటుంది. వాసనంతా తొక్క పైన రంగుగా ఉండే పల్చటి పొరలో, సూదిమొనంత నూనె తిత్తుల్లో దాక్కుని ఉంటుంది. నారింజ తొక్కని మడిచి నొక్కితే సన్నటి తుంపర లేచి కళ్లు మండుతాయే, అదే ఆ నూనె. నారింజ తొక్క నూనెలో 90 శాతానికి పైగా లిమొనీన్ అనే పదార్థమే, నిమ్మలో అది కాస్త తక్కువగా ఉండి దానికి తోడు సిట్రాల్ అనేది ఉంటుంది, నిమ్మకి ఆ ఘాటైన నిమ్మతనం వచ్చేది ఈ రెండోదాని వల్లే. ఇవి నూనెలు కాబట్టి నీళ్లలో కలవవు, వెన్నలో మాత్రం హాయిగా కలిసిపోతాయి. రసం సంగతి వేరు. అందులో దాదాపు 90 శాతం నీళ్లు, కాస్త సిట్రిక్ ఆమ్లం, అంతే. ఆ నీళ్లు మైదాతో కలిస్తే గ్లూటెన్ అనే జిగురులాంటి ప్రోటీన్ సాగి కుకీ గట్టిపడుతుంది, పులుపేమో ఇంత వెన్న, పంచదార మధ్య ఎక్కడికో పోతుంది.

అందుకని నేను పెట్టుకున్న లెక్క ఒకటే: తొక్క ముద్దలోకి, రసం పైపూతలోకి. ఇది పాటిస్తే మిగతా పొరపాట్లు కొన్ని చేసినా కుకీలు బాగానే వస్తాయి.

కోసి బేక్ చేసే కుకీలంటే పెద్ద విద్యేం కాదు. ముద్దని గుండ్రటి కర్రలా చుట్టి, ఫ్రిజ్‌లో గట్టిపడనిచ్చి, చక్రాల్లా కోసి ఓవెన్‌లో పెట్టడమే. ఫ్రిజ్‌లు రాకముందు మంచుగడ్డ పెట్టిన పెట్టెల్లో ముద్ద దాచేవాళ్లు కాబట్టి వీటిని ఐస్‌బాక్స్ కుకీలని కూడా అంటారు. అప్పడాల కర్రతో ఒత్తక్కర్లేదు, అచ్చులు అక్కర్లేదు, అన్నీ ఒకే రోజు బేక్ చేయక్కర్లేదు. నిమ్మ, నారింజలకి ఈ పద్ధతి ఇంకా బాగా కుదురుతుంది, ఎందుకంటే ముద్ద రాత్రంతా ఫ్రిజ్‌లో కూర్చున్నంతసేపూ తొక్కలోని నూనె వెన్నలోకి ఎక్కుతూనే ఉంటుంది.

కావాల్సినవి, సుమారు 45 కుకీలకి:

ఉప్పులేని వెన్న 200 గ్రాములు
సన్న పంచదార 120 గ్రాములు (పొడి కాదు, పలుకులుండాలి)
మైదా 270 గ్రాములు, కార్న్‌ఫ్లోర్ 30 గ్రాములు
గుడ్డు పచ్చసొన 1
ఉప్పు అర టీస్పూన్
నారింజలు 2, పెద్ద నిమ్మకాయ 1, వీటి పైతొక్క తురుము
పైపూతకి పంచదార పొడి 120 గ్రాములు, నిమ్మరసం 4 లేదా 5 టీస్పూన్లు

మైదాని కప్పుతో కొలవడం కంటే చిన్న తూకం మిషన్ మీద తూస్తే సగం టెన్షన్ తగ్గుతుంది. ఒకే కప్పులో వదులుగా పోస్తే ఒక బరువు, కప్పుతోనే డబ్బాలోంచి అదిమి తీస్తే ఇంకో బరువు, తేడా ఒక్కోసారి 30 గ్రాములు దాటుతుంది, ఈ కుకీల్లో 30 గ్రాములంటే బాగా ఎక్కువ. కప్పు తప్ప ఇంకేం లేదంటే మైదాని ముందు గరిటెతో కదిపి, స్పూనుతో కప్పులోకి పోసి, పైన కత్తితో చదును చేయండి, అలా పోసిన కప్పు దగ్గరదగ్గర 125 గ్రాములు. కార్న్‌ఫ్లోర్ ఎందుకంటే దానిలో గ్లూటెన్ ఉండదు, కుకీ నోట్లో వేసుకోగానే గుల్లగా విరుగుతుంది. అది లేకపోతే మొత్తం 300 గ్రాములూ మైదానే వేసుకోండి, కొంచెం కరకరగా వస్తాయి, అదీ బాగానే ఉంటుంది.

గుడ్డు వద్దనుకుంటే పచ్చసొన మానేసి ఒక టేబుల్ స్పూన్ పాలు పోయండి. నిజానికి ఈ కొలతల్లో వెన్నే ఎక్కువ, పచ్చసొన చేసేది కాస్త రంగు ఇవ్వడం, ముద్ద విడిపోకుండా పట్టి ఉంచడం. తెల్లసొన మాత్రం ముద్దలో వేయకండి, అందులో ఎక్కువ భాగం నీళ్లే. బేకింగ్ పౌడర్, సోడా రెండూ అవసరం లేదు. అవి వేస్తే కుకీ ఉబ్బుతుంది, అంచులు మొద్దుబారతాయి, మనం అంత జాగ్రత్తగా కోసిందంతా వృథా.

తొక్క తురమడం, పంచదారతో నలపడం

ఇక్కడే ఎక్కువసేపు ఆగుతాను, ఎందుకంటే కుకీ రుచి నిర్ణయమైపోయేది ఇక్కడే.

పండ్లని ముందు గోరువెచ్చని నీళ్లలో బాగా రుద్ది కడగండి. చాలా పండ్ల మీద మెరుపు కోసం, త్వరగా పాడవకుండా ఉండడం కోసం మైనపు పూత వేస్తారు, తొక్కే తింటున్నాం కాబట్టి అది పోవాలి. కడిగాక పొడిగుడ్డతో పూర్తిగా తుడవాలి, తడి ఉంటే తురుము గ్రేటర్‌కే అంటుకుపోతుంది.

తురమడం రసం తీయకముందే. ఇది చెప్పాలా అనిపిస్తుంది కానీ కోసి పిండేసిన డొప్పని గ్రేటర్ మీద పెట్టి వేళ్లు గీరుకున్నవాళ్లలో నేనూ ఉన్నాను. పొడవుగా, సన్న పళ్లుండే గ్రేటర్ అయితే మంచిది, అది లేకపోతే మామూలు గ్రేటర్‌లో అన్నిటికన్నా సన్న రంధ్రాలున్న వైపు వాడండి. పండుని ఒకేచోట రెండుసార్లు రాయకూడదు. ఒక్క గీత గీయాలి, పండు తిప్పాలి, పక్కనే ఇంకో గీత. రంగు పోయి తెలుపు కనపడిందంటే ఆ చోటు అయిపోయినట్టే. ఆ తెల్లపొరలో వాసన లేదు, చేదు మాత్రం దండిగా ఉంది, అది ముద్దలోకి పోతే ఎంత పంచదార వేసినా దాక్కోదు. చిన్నగా, పల్చటి తొక్కతో ఉండే నిమ్మకాయలైతే ఒకదానికి బదులు మూడు తీసుకోండి, వాటి తొక్క మీద తురుము అట్టే రాదు. వదులు తొక్క ఉండే కమలాపండ్లతో తంటా ఎక్కువ, గ్రేటర్ కింద తొక్క జారిపోతూ ఉంటుంది, బిగుతుగా, గట్టిగా ఉన్న నారింజే తీసుకోండి.

తురిమిన తొక్కని గిన్నెలో అలా వదిలేయకండి, ఆ వాసన గాల్లో పోతోందంటే కుకీలోంచి పోతున్నట్టే. పంచదార ముందే తూచి పెట్టుకుని, పండుని నేరుగా ఆ పంచదార మీదే తురమండి. ఇప్పుడు వేళ్లతో నలపాలి. బొటనవేలికీ చూపుడువేలికీ మధ్య చిటికెడు పంచదార, తురుము కలిపి పట్టుకుని, ముగ్గుపిండి వదిలినట్టు నలుపుతూ వదలండి, మళ్లీ తీసుకోండి. మొదట్లో పంచదార పొడిపొడిగా, తురుము విడిగా కనపడుతుంది. ఒక నిమిషం అయ్యేసరికి పలుకులు తురుముని కోసేస్తూ నూనెని బయటికి లాగుతాయి, పంచదార తడి ఇసుకలా ముద్దలు కడుతుంది, తెల్లగా ఉన్నది లేత నారింజ రంగుకి తిరుగుతుంది, గదంతా వాసన. రెండు, మూడు నిమిషాలు చాలు. పంచదార పొడితో ఈ పని జరగదు, పలుకులుంటేనే తొక్క నలుగుతుంది, అందుకే పైన అలా రాశాను. చేతికి గాటుంటే మాత్రం స్పూను వెనకవైపుతో నలపండి, లేకపోతే ఆ మంట మామూలుగా ఉండదు.

పులుపు ఇంకా కావాలనిపించే వాళ్లు ఈ పంచదారలోనే పావు టీస్పూన్ సిట్రిక్ యాసిడ్ పొడి కలుపుకోవచ్చు, నీళ్లు పెరగకుండా పులుపు వస్తుంది. అంతకన్నా ఎక్కువ వేస్తే పళ్లు పులుస్తాయి.

ముద్ద

వెన్న మెత్తగా ఉండాలి కానీ కరగకూడదు. వేలితో నొక్కితే గుంట పడాలి, వేలికి జిడ్డు మాత్రం కారకూడదు. అంకెల్లో చెప్పాలంటే 18 నుంచి 20 డిగ్రీల సెల్సియస్. వేడి గదిలో వెన్న చాలా త్వరగా ఆ స్థితి దాటిపోతుంది, కాబట్టి ఫ్రిజ్‌లోంచి తీసి చిన్న ముక్కలుగా కోసి దగ్గరుండి చూసుకోండి. తొందరపడి మైక్రోవేవ్‌లో పెడితే నాలుగు వైపులా చల్లగా మధ్యలో సూపులా అవుతుంది. ఒకసారి కరిగిన వెన్నని మళ్లీ ఫ్రిజ్‌లో పెట్టినా అది మొదటిలా గిలకొట్టుకోదు, దాన్ని ఇంకేదైనా వంటకి వాడేసుకోండి.

వెన్న, తొక్క పంచదార, ఉప్పు కలిపి చెక్క గరిటెతో గానీ మిక్సర్‌తో గానీ రెండు నిమిషాలు గిలకొట్టండి. కేకుకి చేసినట్టు తెల్లగా, నురుగులా వచ్చేదాకా చేయొద్దు. వెన్నలో గాలి ఎక్కువ చేరితే ఓవెన్‌లో కుకీ పొంగి, ఆపైన కూలబడి, అడ్డదిడ్డంగా తయారవుతుంది. క్రీములా కలిస్తే చాలు. పచ్చసొన వేసి ఇంకో అరనిమిషం.

మైదా, కార్న్‌ఫ్లోర్ కలిపి జల్లించి రెండు విడతల్లో వేయండి. ఇక్కడి నుంచి చెయ్యి తేలిగ్గా ఉండాలి. పొడిపిండి కనపడకుండా పోగానే ఆపేయాలి. గిన్నెలో ఇంకా ముద్ద అవ్వలేదు, ఉండలు ఉండలుగా ఉంది అనిపిస్తే భయపడి పాలు పోసేయకండి, గుప్పిట్లో తీసుకుని గట్టిగా నొక్కి చూడండి, అతుక్కుంటే అది సరిగ్గా ఉన్నట్టే. నొక్కినా రాలిపోతుంటే ఒక్క టీస్పూన్ పాలు. చేతికి అంటుకుపోతుంటే గిన్నె మీద మూతపెట్టి ఓ 20 నిమిషాలు ఫ్రిజ్‌లో పెట్టండి, మైదా పెంచొద్దు. మైదా పెంచితే ఏమవుతుందో మొదట్లోనే చెప్పాను.

పచ్చి ముద్ద బాగుంది కదా అని స్పూనుతో తినకండి, అందులో పచ్చి గుడ్డు, పచ్చి మైదా రెండూ ఉన్నాయి.

రోల్ చుట్టడం, చల్లార్చడం

ముద్దని రెండు భాగాలు చేయండి. ఒక్కోదాన్నీ బటర్ పేపర్ మీద పెట్టి, చేతులతో ముందు లావుపాటి కర్రలా దొర్లించండి, సుమారు 17 సెంటీమీటర్ల పొడవు, నాలుగున్నర సెంటీమీటర్ల మందం వస్తుంది. ఇప్పుడు పేపర్‌ని దాని మీదుగా మడిచి, ఒక స్కేలుని రోల్ పక్కన, పైపేపర్ మీద ఆనించి లోపలికి నెడుతూ, కింది పేపర్ అంచుని మీ వైపుకి లాగండి. మొదటిసారి చేయి తిరగదు, రెండోసారికి వచ్చేస్తుంది. ఈ బిగింపులో లోపలి గాలి బయటికి పోతుంది. ఇది చేయకపోతే కోసినప్పుడు ప్రతి చక్రం మధ్యలో చిన్న గుహ కనపడుతుంది. చివర్లు చాక్లెట్ కాగితంలా మెలితిప్పి, క్లింగ్ ర్యాప్ కూడా చుట్టండి, ఫ్రిజ్‌లోని ఉల్లిపాయ వాసన వెన్నకి పట్టకుండా.

ఫ్రిజ్‌లో కనీసం రెండు గంటలు. రాత్రంతా అయితే మరీ మంచిది, రుచి తేడా నాకైతే స్పష్టంగా తెలుస్తుంది. ఒకటే చిక్కు, మెత్తటి రోల్‌ని అలాగే పెడితే కిందివైపు చదునుగా అయిపోయి కుకీలన్నీ అరచంద్రుళ్లా వస్తాయి. మొదటి గంటలో ప్రతి పావుగంటకీ ఒకసారి కాస్త దొర్లిస్తే ఈ గొడవ ఉండదు. అంత ఓపిక లేకపోతే, టిష్యూ రోల్ లోపల ఉండే అట్టగొట్టాన్ని నిలువుగా చీల్చి, దాంట్లో రోల్‌ని పడుకోబెట్టండి, గుండ్రంగానే గట్టిపడుతుంది. చదరంగా చేసుకున్నా ఎవరూ అడగరు, నాలుగు వైపులా స్కేలుతో తట్టండి, అసలు చదరం చేస్తే ఈ దొర్లించే పనే ఉండదు.

గట్టిపడ్డాక అంచుకి పంచదార అద్దాలనుకుంటే ఇదే సమయం. మిగిలిన తెల్లసొనని రోల్ చుట్టూ పల్చగా రాసి, లావు పలుకుల పంచదార పరిచిన పళ్లెంలో దొర్లించండి. అంచు కరకరలాడుతుంది, మెరుస్తుంది. గుడ్డు వాడనివాళ్లు పాలు రాస్తే సరి.

కోయడం, బేక్ చేయడం

ఓవెన్‌ని 175 డిగ్రీలకి పెట్టి 15 నుంచి 20 నిమిషాలు ముందే వేడెక్కనివ్వండి. ఫ్యాన్ ఉన్న ఓవెన్ అయితే 160. కన్వెక్షన్ ఉన్న మైక్రోవేవ్‌లో చేసేవాళ్లు కన్వెక్షన్ మోడ్‌లోనే పెట్టారో లేదో చూసుకోండి, మైక్రోవేవ్ మోడ్‌లో ఇవి కావు. చాలా ఓవెన్లలో బటన్ మీద ఉన్న అంకెకీ లోపలి వేడికీ పొంతన ఉండదు, లోపల పెట్టే చిన్న థర్మామీటర్ ఒకటి ఉంటే ఆ అనుమానం తీరిపోతుంది.

రోల్‌ని ఫ్రిజ్‌లోంచి తీసి వెంటనే కోయకుండా ఓ ఐదు నిమిషాలు బయట ఉంచండి. మరీ రాయిలా ఉంటే కత్తి దిగగానే చక్రం ముక్కలైపోతుంది. పల్చటి, పదునైన కత్తి కావాలి. రంపంలా ముందుకీ వెనక్కీ లాగకుండా ఒకే ఒత్తుతో కిందికి దింపండి. 7 మిల్లీమీటర్ల మందం. కంటి అంచనా మీద నమ్మకం లేకపోతే స్కేలు పక్కన పెట్టుకుని రోల్ మీద కత్తితో గీతలు పెట్టుకోండి, ఎందుకంటే ఒకటి పల్చగా ఒకటి మందంగా ఉంటే, పల్చటిది మాడే సమయానికి మందంది ఇంకా పచ్చిగా ఉంటుంది. నాలుగైదు కోశాక రోల్‌ని పావు వంతు తిప్పండి, లేకపోతే కత్తి ఒత్తిడికి ఒకవైపే అణిగిపోతుంది. కోసినప్పుడు చక్రం అంచు కాస్త విరిగితే ముక్కని అతికించి వేలితో నొక్కేయండి, బేక్ అయ్యాక తెలీదు. కోస్తుంటే ముద్ద మెత్తబడి కత్తికి అంటుకుంటే మళ్లీ ఫ్రీజర్‌లో ఒక పది నిమిషాలు, మొండిగా కోస్తూ పోవద్దు.

ట్రేలో బటర్ పేపర్ వేసి, కుకీకి కుకీకి మధ్య మూడు సెంటీమీటర్లు వదలండి. ట్రే చల్లగా ఉండాలి. మొదటి విడత తీసిన వేడి ట్రే మీదే రెండో విడత పెట్టేస్తే ఓవెన్‌లోకి వెళ్లకముందే కింద వెన్న కరగడం మొదలవుతుంది. పేర్చిన ట్రేని మొత్తంగా ఓ పది నిమిషాలు ఫ్రిజ్‌లో పెట్టి అప్పుడు ఓవెన్‌లోకి పంపిస్తే అంచులు కత్తితో కోసినట్టే నిలుస్తాయి. వెన్న 32 నుంచి 35 డిగ్రీల దగ్గర కరిగిపోతుంది, అది పూర్తిగా కరిగేలోపే బయటి పొర గట్టిపడాలి, చల్లదనం గురించి ఇంత గోల చేస్తున్నది అందుకే.

మధ్య అరలో 12 నుంచి 14 నిమిషాలు. 7 నిమిషాలప్పుడు ట్రేని ముందుది వెనక్కి తిప్పండి. ఎప్పుడు తీయాలన్నది గడియారం కంటే అంచు బాగా చెబుతుంది: చుట్టూ సన్నటి బంగారు గీత కనపడాలి, మధ్య ఇంకా లేతగానే ఉండాలి. అనుమానం వస్తే ఒకదాన్ని పల్చటి గరిటెతో లేపి అడుగు చూడండి, లేత గోధుమ రంగులో ఉంటే అయిపోయింది. వేలితో తాకితే మెత్తగానే ఉంటుంది, ఇంకా ఉడకలేదనుకుని ఇంకో ఐదు నిమిషాలు వదిలేసేది చాలామంది చేసే పొరపాటు. చల్లారాకే గట్టిపడతాయి. బాగా ఎర్రగా కాలిస్తే నిమ్మ వాసన వెనక్కిపోయి వేయించిన వెన్న వాసనే పైకొస్తుంది, అది వేరే కుకీకి బాగుంటుంది, దీనికి కాదు.

కొత్త ఓవెన్ అయితే ముందు రెండంటే రెండు కుకీలు పెట్టి చూడండి. పరిచినట్టు పాకిపోతే రోల్‌ని ఇంకా చల్లబరచాలని అర్థం, లేదా ఓవెన్ సరిగ్గా వేడెక్కలేదని. అసలు కదలకుండా పిండిబిళ్లలా ఉంటే మైదా ఎక్కువైంది, ఈసారికి కాస్త పల్చగా కోసి గట్టెక్కండి.

ట్రే మీదే ఐదు నిమిషాలు ఉంచి తర్వాత జాలీ మీదకి మార్చండి. వేడిగా ఉన్నప్పుడు పట్టుకుంటే విరుగుతాయి.

పైపూత

ఇప్పటిదాకా పక్కన పెట్టిన నిమ్మరసానికి ఇప్పుడు పని. పంచదార పొడి జల్లించి, ముందు నాలుగు టీస్పూన్ల నిమ్మరసం పోసి కలపండి. స్పూనుతో ఎత్తి వదిలితే తేనెలా మందంగా జారి, గిన్నెలో పడ్డ గీత కొన్ని క్షణాలు నిలబడి కలిసిపోవాలి. గట్టిగా ఉంటే ఐదో స్పూను, అది కూడా చుక్కచుక్కగా. ఇక్కడ ఒక అర టీస్పూన్ రసం తేడాతో పూత నీళ్లలా అయిపోతుంది, అయితే ఇంకాస్త పొడి వేసుకోవచ్చు, పెద్ద నష్టం లేదు. రసంలోని పులుపు ఓవెన్ వేడి చూడలేదు, వెన్న కింద నలగలేదు, నాలుక మీద నేరుగా తగులుతుంది. అందుకే ఇందులో నారింజ రసం కంటే నిమ్మరసమే పోస్తాను, నారింజ రసంతో పూత తియ్యగా మాత్రమే ఉంటుంది.

కుకీలు పూర్తిగా చల్లారాకే వేయాలి. వెచ్చగా ఉన్నప్పుడు వేస్తే పూత కరిగి లోపలికి ఇంకిపోయి కుకీ మెత్తబడుతుంది. ఒక్కో కుకీని సగం వరకు ముంచినా సరే, స్పూనుతో గీతల్లా జార్చినా సరే. మీద చిటికెడు తాజా తురుము చల్లితే అందంగా ఉంటుంది. ఆరడానికి గంటపైనే పడుతుంది, ఆరకముందే డబ్బాలో పెడితే అన్నీ ఒకదానికొకటి అతుక్కుని ఒకే పెద్ద కుకీ అవుతుంది.

మార్చుకోవాలంటే

నారింజతో యాలకుల పొడి చాలా బాగా కలుస్తుంది, అర టీస్పూన్ చాలు. నిమ్మతో ఒక టేబుల్ స్పూన్ గసగసాలు, ముద్దలో చివర్లో కలపండి, పంటికింద చిటపటమంటాయి. గ్రేప్‌ఫ్రూట్ తొక్కతో కూడా చేశాను, సన్నటి చేదు ఉంటుంది, పెద్దవాళ్లకి నచ్చుతుంది. మిరియాలు కచ్చాపచ్చాగా దంచి పావు టీస్పూన్ నిమ్మ ముద్దలో వేస్తే మొదట నిమ్మ, వెనకాల గొంతులో చిన్న వెచ్చదనం. ఆకుపచ్చ నిమ్మ తొక్క వాసన బాగుంటుంది కానీ ఆ ఆకుపచ్చ రంగు ఓవెన్‌లో వెలిసిపోతుంది, రంగు కోసం వేయాలనుకుంటే పైపూత మీద చల్లండి. ఎండబెట్టి సీసాలో అమ్మే తొక్క పొడి నాకు నచ్చలేదు, అసలు నూనె అందులో చాలావరకు ఎగిరిపోయి ఉంటుంది. ఎసెన్స్ వాడేవాళ్లు చుక్కల్లో వేసుకోండి, కాస్త చెయ్యి జారినా ఇల్లు తుడిచే ద్రావణం గుర్తొస్తుంది. ఆ వస్తువుల్లోనూ నిమ్మ వాసనే వేస్తారు కదా, ముక్కు వెంటనే పట్టేస్తుంది.

కుకీలు చేదుగా వచ్చాయంటే మాత్రం వెతకక్కర్లేదు, తెల్లపొర పడింది. వాసన లేదంటే తురుము తక్కువైంది, లేదా తురిమి చాలాసేపు గాలికి వదిలేశారు. గట్టిగా వస్తే మైదా వేశాక ఎక్కువ కలిపారు.

దాచుకోవడం

బేక్ చేసినవి గాలి చొరని డబ్బాలో వారం రోజులు బాగుంటాయి. రెండో రోజు వాసన మొదటి రోజు కన్నా ఎక్కువగా ఉంటుందని నాకనిపిస్తుంది, అయితే రెండో రోజుకి మిగలడమే కష్టం. వేడి పూర్తిగా పోకముందే మూత పెట్టకండి, లోపల ఆవిరి పట్టి మెత్తబడతాయి. అలా మెత్తబడితే పూత లేనివాటిని 150 డిగ్రీల్లో ఐదు నిమిషాలు పెట్టి చల్లారిస్తే మళ్లీ విరుగుతాయి.

రోల్ ఫ్రిజ్‌లో మూడు రోజులు, ఫ్రీజర్‌లో రెండు, మూడు నెలలు ఉంటుంది. నేను ఎప్పుడు చేసినా రెండు రోల్స్‌లో ఒకటి ఫ్రీజర్‌కే. ఎవరైనా చెప్పకుండా వస్తే రోల్ తీసి పావుగంట బయట పెట్టి, ఆరేడు చక్రాలు కోసి, మిగతాది మళ్లీ చుట్టి లోపల పెట్టేయొచ్చు, అది పూర్తిగా మెత్తబడకముందే పెట్టాలి. ఫ్రీజర్‌లోంచి తీసినవాటికి ఒకటి, రెండు నిమిషాలు అదనంగా పడుతుంది. చుట్టిన కాగితం మీద తేదీ, ఏ పండో పెన్నుతో రాసి పెట్టండి. నేను ఒకసారి రాయలేదు, నారింజ రోల్ అనుకుని మిరియాల రోల్ కోసి పిల్లలకి పెట్టాను, ఒకడు నమిలి, ఆగి, నా వైపు చూసి, నీళ్లడిగాడు.